అక్క నోట్లో కలాకంద్

మా నిజామాబాద్‌లో మిఠాయి దుకాణాల వాళ్ళు డబ్బాతో కలిపి తూకం వేస్తారు. దీని మీద నేను చాలా ఏళ్ళుగా పోరాడుతున్నాను. పోరాటం అంటే మరీ పెద్ద మాట, తూకం వేసేటప్పుడు గట్టిగా దగ్గుతాను. డబ్బాలు ఈ మధ్య మరీ బలిశాయి. మందపు అట్ట, లోపల ఇంకో అట్ట, దాని మీద జరీ కాగితం. కిలో కలాకంద్ కొంటే అందులో ఒక పాఠ్యపుస్తకమంత అట్ట ఇంటికి వస్తుంది. అడిగితే గల్లాపెట్టె దగ్గర ఆయన "అందరు గిట్లనే తీస్కపోతుండ్రు సార్" అంటాడు. డిగ్రీ కాలేజీలో పాతికేళ్ళు వ్యాపార చట్టం చెప్పినవాణ్ణి, అందరూ తీసుకుపోయినంత మాత్రాన అది చట్టం కాదని నాకు తెలుసు. అయినా తీసుకుపోతాను.

ఇన్ని డబ్బాల మీద పగ ఉన్నా, వాటిలో నా నిద్ర చెడగొట్టింది ఒక్కటే. అది నేను కొన్నది కూడా కాదు.

మా అక్క బోధన్ అవతల, కోటగిరి వైపు, కాలువ కింది ఊర్లో ఉంటుంది. నాకంటే ఎనిమిదేళ్ళు పెద్ద. బావ పోయి చాలా రోజులైంది. పిల్లలు లేరు, తోబుట్టువంటే నేనొక్కణ్ణే. ఆమెకున్నవి మా నాన్న పోయాక వాటాకు వచ్చిన ఎకరన్నర చెరకు, షుగరు జబ్బు, ఎవరికీ సంజాయిషీ చెప్పని అలవాటు. చక్కెర ఫ్యాక్టరీ మూతపడ్డాక ఊర్లో చాలామంది చెరకు మానేసి వరికి, సోయాకు మళ్ళారు. అక్క మానలేదు. పక్క మండలంలో ఉన్న బెల్లం గానుగకు తోలుతుంది. వరి వేసుకోవచ్చు కదా అని ఒకసారి అన్నాను.

"నువ్వు అన్నం తినుడు మానవు గద. నేను చెరుకు ఏసుడు మాన" అంది.

ఇందులో తర్కం నాకు అందలేదు.

ఆ ఎకరన్నర సడక్‌ను ఆనుకొని ఉంది. దాని తప్పు అదొక్కటే. నిజామాబాద్‌లో ప్లాట్లు చేసి అమ్మే సేటు ఒకాయన దాని వెనకా పక్కనా ఉన్న చేన్లన్నీ కొనేశాడు. అక్క చెరకు మాత్రం పెళ్ళి ఫొటోలో పిలవని చుట్టంలాగా మధ్యలో నిలబడిపోయింది. ప్లాట్లకు దారి తీయాలంటే దాని మీదుగానే తీయాలి. సేటు మూడుసార్లు ఊర్లోని దలాలును పంపాడు. మూడుసార్లూ అక్క "ఇయ్య" అంది. ఎందుకియ్యవు అని ఊరంతా ఆమెను అడిగింది. ఎందుకు కొంటున్నావని సేటును ఒక్కరూ అడగలేదు. కొనేవాడికి కోరిక ఉంటే చాలు, ఇవ్వననేవాళ్ళు మాత్రం కారణం చూపించాలి. ఈ సూత్రం ఏ సెక్షన్‌లో ఉందో నాకు ఇప్పటికీ దొరకలేదు.

నాలుగోసారి సేటే వస్తానన్నాడు. అక్క నాకు ఫోన్ చేసింది. "రేపు ఆ సేటొస్తడట. నువ్వుండు తమ్మీ. నాకు కోపమొస్తె నువ్వు మాట్లాడు, నీకు భయమైతె నేను మాట్లాడుత." పని విభజన బాగానే ఉంది కాబట్టి పొద్దున్నే బోధన్ బస్సెక్కాను.

మా దిక్కు భూమి బేరం ఎట్లా కుదురుతుందో ఇక్కడ చెప్పాలి. కాగితం ఆఖరున వస్తుంది. బయానా, అంటే అడ్వాన్సు, దానికి ముందు వస్తుంది. అన్నింటికంటే ముందు వచ్చేది నోరు తీపి. కొనేవాడు మిఠాయి డబ్బా తెచ్చి, మూత తీసి మధ్యలో పెట్టి, ధర చెప్తాడు. ధర నచ్చకపోతే ఆ డబ్బాను ఎవరూ ముట్టరు, మూత పెట్టుకొని తీసుకుపోతాడు. నచ్చితే అమ్మేవాళ్ళ తరఫు మనిషి ఒక ముక్క తీసి అమ్మేవాళ్ళ నోట్లో పెడతాడు. ఆడమనిషి భూమి అయితే ఆ పెట్టే చేయి పుట్టింటివాళ్ళది. అంతే, బేరం ఖాయం. ఆ తర్వాత మాట మార్చినవాళ్ళను నేను చూడలేదు. ప్రతిపాదన, స్వీకృతి అని పాతికేళ్ళు బోర్డు మీద రాశాను. ఉదాహరణలకు గుర్రాలు అమ్ముకునే ఇంగ్లీషు దొరలను తెచ్చాను గాని, ఈ డబ్బాను ఒక్కసారీ తేలేదు. పరీక్షలో రాదు కదా.

సేటు పదకొండింటికి వస్తానని ఒకటిన్నరకు వచ్చాడు. వెంట దలాలు, దలాలు చేతిలో డబ్బా. అక్క పొద్దున షుగరు గోలీ వేసుకొని, ఏమీ తినకుండా కూర్చుంది. నేను తినమని చెప్పాను. "ఇంటికి మనిషి వస్తున్నడంటె ముందల తిని మూతి తుడుసుకుంటరా?" అంది. ఆ మనిషి ఆమె భూమి కోసం వస్తున్నాడన్నది మర్యాదకు అడ్డం రాలేదు.

అరుగు మీద కూర్చున్నాం. దలాలు డబ్బా మూత తీసి మధ్యలో పెట్టాడు. కలాకంద్. సేటు మంచి మాటకారి. కాలువ నీళ్ళ గురించి, మోకాళ్ళ నొప్పుల గురించి, నా పెన్షన్ గురించి మాట్లాడి చివరకు ధర చెప్పాడు. ఊర్లో అంతవరకు ఎవరూ వినని ధర. అది విన్నప్పుడు నాకు చెడ్డగా అనిపించలేదు. ఈ వాక్యాన్ని ఎన్ని రకాలుగా తిప్పి రాసినా ఇంతకంటే మర్యాదగా రాలేదు.

అక్క ఏమీ అనలేదు. ఎప్పుడూ మాట ముగియకముందే "ఇయ్య" అనే మనిషి. సేటుకు అది ఆలోచనగా కనిపించింది. నేను ఆమె ముఖం చూశాను. నుదుటి మీద చెమట, చేతి వేళ్ళు కొంగును పట్టుకోలేక వణుకుతున్నాయి, కళ్ళు నా వైపే ఉన్నా నన్ను చూడటం లేదు. షుగరు పడిపోతోంది. రెండేళ్ళ కింద ఒకసారి ఇట్లాగే పడిపోయి బోధన్ దవాఖానలో కళ్ళు తెరిచింది. వంటింటికి పోయి చక్కెర డబ్బా వెతికే టైము లేదు. చేతికి అందేంత దూరంలో తీపి ఒకటే ఉంది.

మధ్యలో ఉన్న పెద్ద ముక్క తీసి ఆమె నోట్లో పెట్టాను.

"ముబారక్ సార్!" సేటు లేచి నన్ను గట్టిగా కౌగిలించుకున్నాడు. ఆయన చొక్కాకు అత్తరు వాసన. దలాలు అప్పటికే ఫోన్‌లో ఉన్నాడు. "ఆ, అయిపోయింది. తమ్ముడే పెట్టిండు. నా కండ్ల ముందల్నె."

"సేటూ, అది కాదు, షుగరు..." అన్నాను.

"ఒక్క ముక్కకు ఏం గాదు సార్" అన్నాడు సేటు. నిజానికి అదే నేను చెప్పాలనుకున్నది.

నోట్లో అంత కలాకంద్ ఉన్న మనిషికి వద్దు అనడం కుదరదు. అక్క చేయి ఊపింది. వాళ్ళకు అది దీవెనలాగా కనిపించింది. ఇద్దరూ వంగి దండం పెట్టారు. ఆమె ముక్క మింగి, నీళ్ళు తాగి, ముఖంలోకి రంగు తిరిగి వచ్చేసరికి కారు సడక్ ఎక్కింది. అక్క తెరిచి ఉన్న డబ్బాను చూసింది, నా వేళ్ళకు అంటిన కోవాను చూసింది.

"ఎంతకమ్మినవ్ తమ్మీ?" అంది.

మర్నాడు దలాలు బయానా కవరు తెచ్చాడు. అక్క చేయి చాపలేదు. "ముట్టుకుంటె ఇంకోటంటరు" అంది. అతను కవరును గోడ మీద పెట్టి, "పెద్దమ్మా, నేనైతె ఇచ్చిన, ఇగ నీ ఇష్టం" అని చెప్పులు వేసుకున్నాడు. అక్క మూలన ఉన్న చెరకు గడ తెచ్చి, దాని కొసతో కవరును మెల్లగా నూకి సందులో పడేసింది. వీధి అంతా చూస్తుండగా దలాలు వంగి ఏరుకున్నాడు. కాంట్రాక్టు చట్టంలో తిరస్కరణకు ఇంత స్పష్టమైన ఉదాహరణ నేను చదవలేదు.

ఆ రాత్రి అక్కను కూర్చోబెట్టి పాఠం చెప్పాను. ప్రతిపాదన అంటే ఇది. స్వీకృతి అంటే మనసు పెట్టి, షరతు లేకుండా, అవతలివాడికి తెలిసేట్టు ఒప్పుకోవడం. భూమి అమ్ముతానని నోటి మాటగా ఒప్పుకున్నా ఒప్పందం కావచ్చు, రిజిస్ట్రీ తర్వాతి సంగతి. కాబట్టి కాగితం లేదు కదా అని మనం నవ్వి ఊరుకోలేం. కానీ నువ్వు ఒప్పుకోలేదు, నీ నోరు ఒప్పుకుంది, నోరు కూడా కాదు, నా చేయి...

"నీ బుక్కుల కలాకంద్ ఉన్నదా?"

"లేదు."

"షుగరు గోలీ?"

"లేదు."

"మరి పాతికేండ్లు ఏం చెప్పినవ్ వాళ్ళకు?"

నేను గుర్రాల సంగతి చెప్పలేదు.

గురువారం ఊరి కమిటీ పిలిచింది. మా జిల్లాలో ఊరి కమిటీ అంటే తెలియనివాళ్ళకు ఒక్క మాట. అది ఏ చట్టంలోనూ లేదు, అయినా ఊర్లో దాని మాటే నడుస్తుంది. కోర్టు తీర్పు వస్తే పై కోర్టుకు పోవచ్చు. కమిటీ "పని బంద్" అంటే కూలీలు రారు, ట్రాక్టరు రాదు, పాలు పోసేవాడు కూడా గేటు దాటి పోతాడు. సేటు ప్లాట్లు పడితే ఊరి మొదట్లో పెద్ద స్వాగత కమాన్ కట్టిస్తానని అప్పటికే మాట ఇచ్చాడు. ఏ రంగు వేయాలన్నది ఒక్కటే తేలలేదు.

హాల్లో తొమ్మిదిమంది కుర్చీల్లో ఉన్నారు, పక్కన సేటు, వెనక దలాలు. అక్క కింద చాప మీద కూర్చుంది. పక్కన ఆమె తెచ్చుకున్న బట్ట సంచి. నాకు కుర్చీ ఇచ్చారు. నేనూ చాప మీద కూర్చున్నాను, మోకాళ్ళు ఒప్పుకోకపోయినా.

కమిటీ పెద్దమనిషి అక్కకు వరసకు అన్న అవుతాడు. తెల్లటి లుంగీ, నెమ్మదైన గొంతు. "చెల్లే, ఒక్కటే మాట. తిన్నవా, తినలేదా?"

"తిన్న."

"ఎవ్వలు పెట్టిండ్రు?"

"గీయన." నా వైపు గడ్డం ఎత్తింది. అంతమందిలో 'గీయన' అయిపోయాను.

నేను లేచాను. స్వీకృతి గురించి క్లాసులో ఎన్నడూ చెప్పనంత బాగా చెప్పాను. మనసులేని ఒప్పుకోలు ఒప్పుకోలు కాదన్నాను. గోలీల పట్టీ తీసి చూపించాను. డాక్టరు రాసిన చీటీ చదివాను. తొమ్మిదిమందీ శ్రద్ధగా విన్నారు. ఒకాయన డాక్టరు ఫీజు ఎంత అని అడిగాడు.

"సారూ" అన్నాడు పెద్దమనిషి మెత్తగా, "మీరు చెప్పింది కాలేజీల కరెక్టే. గిక్కడ మనిషి లోపల ఏమున్నదో మాకెట్ల ఎర్క? నోట్లెకు పోయింది మేం సూస్తం. గిది తప్పితే రేపు ఎవ్వలైనా నాకు నెత్తి తిరిగిందంటడు, కడుపు నొచ్చిందంటడు. ఇగ బేరాలు ఎట్ల అయితయి?"

ఆ మాటలో పస లేదని అనలేను. చట్టం కూడా దాదాపు ఇదే అంటుంది. మనిషి మనసులో ఏమనుకున్నాడన్నది కాదు, బయటికి ఎట్లా కనిపించాడన్నది చూస్తుంది. పెద్దమనిషి నా పుస్తకం చదవకుండానే నన్ను నా పుస్తకంతో కొట్టాడు. కూర్చున్నాను.

"ఫైసల్ ఏందంటె" అన్నాడాయన, "నెలలోపట రిజిస్ట్రీ చెయ్యాలె. లేదంటె పని బంద్."

సేటు వినయంగా నేల చూశాడు. నేను అక్క నుదురు చూశాను. చెమట లేదు.

"మంచిదన్నా" అంది. "కమిటీ మాట నేను కాదన. పెద్దలు గింతసేపు కూసున్నరు, జర నోరు తీపి చేసుకోండ్రి." సంచి ముడి విప్పింది. లోపల బెల్లం, ఆమె చేన్లోదే. ముక్కలు కొట్టి తెచ్చింది. ఒప్పుకుంది అనుకున్నాను. అందరూ అదే అనుకున్నారు. హాలంతా వదులైంది, ఎవరో ఫ్యాను స్పీడు పెంచారు.

అక్క ముందు పెద్దమనిషి దగ్గరికి పోయింది. పక్క కుర్చీలో ఉన్న ఆయన సొంత తమ్ముడి చేతిలో ఒక ముక్క పెట్టి, "మీ అన్నకు నువ్వే పెట్టు" అంది. తర్వాత నవ్వుతూ, "అన్నా, సడక్ పక్కన నీ రెండెకరాలు నాకు పదివేలకు ఇయ్యరాదు?" అంది.

హాలు గొల్లుమంది. పెద్దమనిషి కూడా నవ్వాడు. "నీకు గాక ఎవ్వలకిస్త చెల్లే!" అని నోరు తెరిచాడు. తమ్ముడు బెల్లం పెట్టాడు.

అక్క మిగతావాళ్ళకూ పంచింది. సేటుకు ఇంకాస్త పెద్ద ముక్క. అందరి నోళ్ళూ పనిలో పడ్డాక వచ్చి చాప మీద కూర్చుంది.

"అన్నా, రిజిస్ట్రీకి ఎల్లుండి వస్తవా, సోమారం వస్తవా?"

"ఏం రిజిస్ట్రీ?"

"నీ రెండెకరాలు. ధర చెప్పిన. ఇస్తనన్నవ్. తమ్ముడు పెట్టిండు, నువ్వు తిన్నవ్. తొమ్మండ్గురు సూసిండ్రు. నాకైతె సాక్షులు చాలు."

పెద్దమనిషి బెల్లాన్ని ఒక బుగ్గ నుంచి ఇంకో బుగ్గకు మార్చాడు. "చెల్లే, నేను నవ్వులాటకన్న."

"నేను షుగరుకు తిన్న."

"గది వేరు, గిది వేరు!"

"లోపల ఏమున్నదో నాకెట్ల ఎర్కన్నా? నోట్లెకు పోయింది సూసిన."

సేటు ఏదో అనబోయాడు గాని ముక్క పెద్దది. పెద్దమనిషి తమ్ముడు తన వేళ్ళను పంచెకు తుడుచుకుంటున్నాడు. ఆ వేళ్ళ మీద నాకు సానుభూతి కలిగింది.

ఇక్కడ కమిటీ తల వంచిందని రాస్తే బాగుంటుంది. వంచలేదు. "ఆలోచన చేసి చెప్తం" అని లేచారు. ఏ మాటా చెప్పలేదు. పని బంద్ అని కూడా ఎవరూ అనలేదు. చెరకు కొట్టే రోజులు వచ్చాయి, కూలీలు మాత్రం రాలేదు. ఒకరికి జ్వరం, ఒకరికి చుట్టాలు, ఒకరికి బోనస్‌గా రెండూ. ట్రాక్టరాయన ఫోన్ ఎత్తి, నా గొంతు విని, "రాంగ్ నంబర్" అన్నాడు. నేను ఆయన పేరు పెట్టి పిలిచాక కూడా.

చెరకు ఎండిపోతే గానుగవాడు తీసుకోడు. వారాలు గడిస్తే బరువు తగ్గుతుంది, నెలలు గడిస్తే అది మంటకే పనికొస్తుంది. అక్క అరుగు మీద కూర్చొని చేను వైపు చూసేది. అమ్మేద్దామా అని అడగడానికి నాకు నోరు రాలేదు. అడగాలనిపించిందని మాత్రం ఒప్పుకుంటాను.

కూలీలు రాని నాలుగో రోజు అక్క నన్ను వెంటబెట్టుకొని కాలువ గట్టుకు పోయింది. నాందేడ్ వైపు నుంచి వచ్చిన చెరకు కొట్టేవాళ్ళు అక్కడ గుడిసెలు వేసుకొని ఉన్నారు. వాళ్ళ ముఠా పెద్ద ముకద్దంతో అక్క సగం తెలుగు, సగం సంతలో నేర్చిన మరాఠీ కలిపి మాట్లాడింది. దాచలేదు. "మా ఊరి కమిటీ నా మీద కోపంగున్నది. మీకు ఇబ్బందైతె రావద్దు" అంది.

"కమిటీ? కోణ్తీ కమిటీ?" అన్నాడు ముకద్దం, తంబాకు నలుపుతూ. ఏ కమిటీ అని అడుగుతున్నాడు. నాకు ఆ ప్రశ్న చాలా నచ్చింది. మా జిల్లాలో ఇన్నేళ్ళలో ఎవరూ అడగగా వినలేదు.

పన్నెండు మొగుడుపెళ్ళాల జంటలు వచ్చి రెండు రోజుల్లో కొట్టేశారు. బండ్లు వాళ్ళవే. నేను నీళ్ళు మోశాను. మొదటి రోజు మధ్యాహ్నానికి ముకద్దం నా చేతిలోంచి బిందె తీసుకొని నన్ను నీడలో కూర్చోబెట్టాడు. పనికి ఆటంకం కలగకూడదని అనుకుంటాను. ఊరివాళ్ళు సడక్ మీద బండ్లు ఆపి చూసి పోయారు. కమిటీ పెద్దమనిషి కూడా అటుగా పోతూ నాతో "ఎండ బాగున్నది సారూ" అన్నాడు. బాగుందన్నాను. రెండెకరాల సంగతి ఇద్దరం ఎత్తలేదు.

రెండో రోజు ఆఖరి బండి నిండుతుండగా సేటు కారు సడక్ పక్కన ఆగింది. ఒక్కడే దిగాడు. ఈసారి చేతులు ఖాళీ. కొట్టేసిన చేన్లో మోళ్ళు కాళ్ళకు గుచ్చుకోకుండా చూసుకుంటూ మా దగ్గరికి వచ్చాడు. అక్క కొంగుతో ముఖం తుడుచుకుంది.

"అక్కా, ఇంకింత పెంచుత" అన్నాడు. ఎంతో చెప్పాడు. ముకద్దం కూడా తలెత్తి చూశాడు.

"ఇయ్య" అంది అక్క.

"మళ్ళొక్కసారి సోచాయించు."

"సోచాయించేది ఏమున్నది? మోళ్ళ మీద మల్ల నీళ్ళు పెడత. మల్ల మొలుస్తది. నీ ప్లాట్లకు దారి కావాలంటె మీదికెల్లి పో. మోటర్లు ఎగురుతయట గద గిప్పుడు."

బండి మీద ఉన్నవాళ్ళు నవ్వారు. తెలుగు అర్థమై కాదు, ఆమె చేయి ఆకాశం వైపు చూపిన తీరుకు. అక్క వెనక్కి తిరిగి చెరకు మోపు ఒకటి అందుకోవడానికి వంగింది.

సేటుకు కోపం రాలేదు. అదే నాకు నచ్చలేదు. చెప్పులకు అంటిన మట్టిని మోడుకు రాసుకొని, ఆమె వీపు వైపు కాదు, నా వైపు చూశాడు. అరుగు మీద ధర చెప్పినప్పుడు కూడా ఆయన నా ముఖమే చూశాడని అప్పుడు తెలిసింది.

"మంచిదక్కా" అన్నాడు. "నువ్వున్నన్ని దినాలు ఇయ్యవు. తర్వాత గీ సారుకే గద వచ్చేది. సారు ఇస్తడు. నేను ఆగుత."